పరధ్యానానికి మందు

సామర్లకోట,
2 జూలై 2000

చిరంజీవి అచ్యుతానికి,

అక్కయ్య ఆశీస్సులు. వసుమతిని అడిగానని చెప్పు. మొన్న రవళిని బండి ఎక్కించి ఇంటికొచ్చి తాళం తీస్తుంటే గుర్తొచ్చింది, దానికి ఒక్క మాట చెప్పడం మరిచిపోయానని. రోడ్డు దాటేటప్పుడు రోడ్డు మీదే ఉండమని. నవ్వకు. నువ్వు నీ మేనకోడల్ని పెళ్ళిళ్ళలో చూసినవాడివే గాని, ఇంట్లో పెట్టుకుని చూసినవాడివి కావు.

బుద్ధిమంతురాలు. డిగ్రీ ఫస్టు క్లాసులో పాసైంది. ఎదురు చెప్పదు. కానీ మనిషి ఇక్కడుంటుంది, మనసుండదు. కూర తరుగుతూ తరుగుతూ చాకు ఆపేసి గోడకేసి చూస్తుంది. పెదాలు కదుల్తాయి. ఒక్కోసారి తనలో తనే నవ్వుకుంటుంది. "ఎవరితోనే మాటలు?" అంటే "ఏం లేదమ్మా" అని మళ్ళీ చాకు ఆడిస్తుంది. చిన్నప్పుడు ముచ్చటగానే ఉండేది. ఇరవై రెండేళ్ళు వచ్చాక ముచ్చటేముంది?

మా వీధిలో ప్రతి ఇంటి నుంచీ ఒకరు అమీర్‌పేటలో ఉన్నారు. మా స్కూల్లో హిందీ రాక నా చేత తన్నులు తిన్నవాడు కూడా జావా నేర్చుకుని ఉద్యోగం తెచ్చుకున్నాడు. నువ్వు దగ్గరుంటావన్న ధైర్యంతోనే పంపాను.

మీ బావగారి సంగతి తెలిసిందే కదా. పగలంతా రైల్వే టికెట్ల కిటికీలోంచి ఊరందరితోనూ మాట్లాడతారు, ఇంటికొస్తే పేపరు. ఇన్నాళ్ళూ "రవళీ, నాన్నతో చెప్పు", "రవళీ, అమ్మనడుగు" అని రోజులు వెళ్ళిపోయాయి. ఇప్పుడు అది లేదు. నిన్న గ్యాసు అయిపోయింది. ఆయన వినాలని, పక్కింటి చిలకమ్మగారిని వరండాలోకి పిలిచి "మా ఇంట్లో గ్యాసు అయిపోయిందండీ" అన్నాను. "అయ్యో, మా ఇంట్లో కూడా లేదండీ" అందావిడ. ఆయన పేపరు తిప్పుకున్నారు.

దాని తలకు నూనె పెట్టమని వసుమతికి చెప్పు. హైదరాబాదు నీళ్ళకు జుట్టు ఊడుతుందట.

నీ అక్క,
రత్నమాల

*

అమీర్‌పేట,
19 జూలై 2000

అక్కయ్యకు అచ్యుతరావు నమస్కారాలు.

రవళి క్షేమం. పొద్దున్నే క్లాసుకు పోతోంది. ఇక్కడ కరెంటు స్తంభం కనపడదు, దానికి కట్టిన ఇన్‌స్టిట్యూట్ల బ్యానర్లే కనపడతాయి. టిఫిన్ బండి దగ్గర ఇడ్లీ తింటున్న పిల్లలంతా అమెరికా గురించే మాట్లాడతారు. ఒక్కడికీ తన నోట్లో ఉన్నది ఇడ్లీయో ఉప్మావో తెలీదు. నేను ప్రతి ఆదివారం చెప్పేది అదే. లక్డీకాపూల్‌లో ఆఫీసు ఉద్యోగం వదిలేసినప్పుడు నువ్వు నన్ను ఎన్ని మాటలన్నావో గుర్తుందా? ఇప్పుడు పంజాగుట్టలో చీరల కొట్టు పైన హాలు చాలడం లేదు. "ఈ క్షణం" అని పేరు పెట్టాను క్లాసుకు. సాఫ్ట్‌వేరు వాళ్ళే ఎక్కువ. జరిగిపోయినదాన్నీ జరగబోయేదాన్నీ పక్కనపెట్టి, చేస్తున్న పని మీద మనసు నిలపడం ఎలాగో నేర్పుతాను. వినడానికి సులువు. చేస్తే తెలుస్తుంది.

నువ్వు రాసింది నిజమే. మొన్న సాయంత్రం రవళి స్టవ్ మీద పాలు పెట్టి ఎదురుగానే నిలబడింది. పాలు పొంగి మంట ఆరిపోయింది. గ్యాసు వాసన కిందింటిదాకా పోయింది. ఇంటి ఓనరు అజ్మత్ అలీ గారి భార్య దిల్షాద్ గారు పరుగున పైకొచ్చారు. "ఏం పిల్లవమ్మా, అందర్ని ఖతం చేస్తవా ఏంది? జర స్టవ్ దిక్కు సూడాలె గద!" అని కిటికీలు తెరిచారు. రవళి ఆవిడకు సారీ చెప్పింది. అప్పుడు తిరిగి స్టవ్ వైపు చూసింది. స్టవ్ ముందు అంతసేపూ నిలబడిన పిల్ల, అప్పుడు చూసింది!

వసుమతికి భయం పట్టుకుంది. నాకు మాత్రం పట్టుదల వచ్చింది. రెండొందల మందిని దారిలో పెడుతున్నవాణ్ణి, సొంత మేనకోడల్ని పెట్టలేనా?

బావగారికి నమస్కారాలు. చిలకమ్మగారి ద్వారా చెప్పించు, తప్పేముంది.

నీ తమ్ముడు,
అచ్యుతరావు

*

సామర్లకోట,
3 ఆగస్టు 2000

అచ్యుతం,

నీ ఉత్తరం చదివాక అన్నం సయించలేదు. గ్యాసు విషయం ఇంకెవరికీ చెప్పకు. పెళ్ళి కావలసిన పిల్ల.

దానికి ఆ జబ్బు ఎక్కణ్ణించి వచ్చిందో నాకు తెలుసు. అమ్మ పోయిన రోజు నువ్వు తలకొరివి పెట్టి నా కోసం చూసి చూసి ఇంటికి పోయావు. నేను ఎందుకు రాలేదో తరవాత విన్నావే గాని ఆ రోజు నా ఒళ్ళు ఎలా మండిందో నీకు తెలీదు. నువ్వు పంపిన టెలిగ్రాం స్టేషన్లో ఆయన చేతికి వచ్చింది. చొక్కా జేబులో పెట్టుకున్నారు. ఇంటికొచ్చారు, భోంచేశారు, పడుకున్నారు. మర్నాడు చొక్కా నానబెడుతుంటే నాకు దొరికింది. "ఇదేంటండీ?" అంటే, "ఏదో ఆలోచనలో పడి మరిచిపోయాను" అన్నారు. అమ్మ చచ్చిపోయిందన్న మాట మరిచిపోయేంత ఆలోచన ఏంటో ఈనాటికీ చెప్పలేదు. ఆ పూట నుంచి నేను ఆయనతో మాట్లాడలేదు. కొన్నాళ్ళు ఆయన పలకరించారు. తరవాత ఆయనా మానేశారు. అప్పుడు రవళి మూడో క్లాసు.

ఆ పరధ్యానమే దానికీ వచ్చింది. ఆయన్ని నేను బాగుచేసుకోలేకపోయాను. అది అలా కాకూడదు. నీ విద్య ఏదో దాని మీద చూపించు. మెతగ్గా ఉండకు. ఏం చేసినా నేను ఏమీ అనుకోను.

ఇక్కడ వానలు. స్కూలు గోడ ఒకటి కూలింది. పిల్లలు సెలవిస్తారని సంబరపడ్డారు, ఇవ్వలేదు.

అక్కయ్య

*

అమీర్‌పేట,
8 సెప్టెంబరు 2000

అక్కయ్యకు నమస్కారాలు.

ఈ ఉత్తరం నిదానంగా చదువు. రవళికి ఏమీ కాలేదు, ముందే రాస్తున్నాను.

ఆదివారం ఖైరతాబాద్ వినాయకుణ్ణి చూపిద్దామని వసుమతినీ దాన్నీ తీసుకెళ్ళాను. తాడు కట్టి జనాన్ని వరసలో పంపుతున్నారు. దండం పెట్టి ఇవతలకొచ్చి చూస్తే రవళి లేదు. వసుమతి ఏడుపు మొదలెట్టింది. వెతగ్గా వెతగ్గా మెయిన్ రోడ్డు మీద ఒక సిటీ బస్సు ఆగి ఉంది. డ్రైవరు కిందికి దిగి కేకలు వేస్తున్నాడు. బస్సుకు జానెడు దూరంలో మన పిల్ల. నన్ను చూసి వాడు, "ఓ అన్నా, గీ పిల్ల నీ తాలూకేనా? హారన్ కొట్టి కొట్టి నా చెయ్యి నొస్తుంది. చెవులు ఇనపడయా ఈమెకు? నవ్వుకుంట నిలబడ్డది నడి రోడ్ల!" అన్నాడు. చుట్టూ జనం ఉన్నా చెంప మీద ఒకటి కొట్టాను. అది ఏడవలేదు. నిద్రలోంచి లేచినట్టు "వచ్చేశాంగా మావయ్యా, ఇంటికి?" అంది.

దిల్షాద్ గారి అమ్మాయి ఇఫ్ఫత్ సైకాలజీ ఎం.ఏ. చదువుతోంది. సంగతి విని పైకొచ్చింది. "అంకుల్, పగటి కలలు అందరం కంటం. గది జబ్బు కాదు. పని ఆగిపోయి, ప్రాణం మీదికొస్తే మాత్రం ఫికర్ చేయాలె. ఆమె ఏడికి పోతున్నదో కాదు, ఏడికెళ్లి పోతున్నదో అడుగుండ్రి" అంది. ఏడికెళ్లి అంటే ఇక్కడి భాషలో ఎక్కణ్ణించి అని. పుస్తకాలు చదివిన పిల్లలకు మాటలు బాగా వస్తాయి. బస్సు కింద పడేది వాళ్ళ పిల్ల కాదు కదా.

అయినా అడిగాను. మూడు రోజులు చెప్పలేదు. నేను ఎవరికీ చెప్పనన్నాక చెప్పింది. ఒక ఇల్లట. రోజూ అక్కడికి పోతుందట. అక్కడి మనుషులు, వాళ్ళ మాటలు అన్నీ చెప్పింది. అవి నీకు రాయను. రాస్తే బాధపడతావు. దాన్ని ఆ ఇంటికి పోకుండా ఆపడం నా పని. ఒక చిన్న సాధన మొదలుపెట్టాను. పదిహేను రోజులు పోతే నీకే తేడా తెలుస్తుంది.

అచ్యుతరావు

*

సామర్లకోట,
20 సెప్టెంబరు 2000

అచ్యుతం,

ఎవరిదిరా ఆ ఇల్లు?

రోజూ పోతుందా? నాకు రాయకూడని మనుషులా? నువ్వు మగాడివి, అందులో వేదికలెక్కి మాట్లాడేవాడివి, మాటలు చుట్టలు చుట్టి రాస్తే నాకు అర్థం కాదనుకున్నావు. నేను హిందీ టీచర్ని. పెదాల మీద నవ్వొస్తుందంటే దాని వెనక ఎవరో ఉన్నారని నాకు ముందే తట్టాల్సింది. చిలకమ్మగారి కూతురు కూడా అక్కడే ఏదో ఇన్‌స్టిట్యూట్లో చేరింది. రవళి కనపడితే పలకరించిందట. చెయ్యి పట్టుకుంటే మణికట్టు మీద ఎర్రగా కందిన చారలట, అక్కడక్కడ చర్మం లేచిందట. ఆ పిల్ల వాళ్ళమ్మకు ఫోన్లో చెప్పింది. చిలకమ్మగారు నాకు చెప్పి, "ఈ కాలం పిల్లలు ప్రేమలూ దోమలూ అని చేతులు కోసుకుంటున్నారండీ, కనిపెట్టుకోండి" అంది. ఈ వీధిలో ఆవిడకు తెలిసిందంటే ఊరికి తెలిసినట్టే.

నన్ను మభ్యపెట్టకు. అది చేయి కోసుకుందా?

నేను ఊరుకోలేదు. పెద్దాపురం వజ్రమ్మగారి అబ్బాయి కేదార్ శ్రీనగర్ కాలనీలో ఉంటున్నాడు. సాఫ్ట్‌వేరు. వాళ్ళు మనకు దూరపు చుట్టాలే. వజ్రమ్మగారితో మాట్లాడాను, ఫోటో ఇచ్చాను, నచ్చింది. "మావాడు ఒకసారి మామూలుగా చూస్తే చాలు, పెళ్ళిచూపుల తతంగం వద్దు" అన్నారు. ఎక్కడ చూపించాలో నువ్వే ఆలోచించు. త్వరగా.

మీ బావగారికి చెప్పాలని కుర్రాడి ఫోటో ఆయన కంచం పక్కన పెట్టాను. చూసి, తిప్పి వెనక చూసి, అక్కడే వదిలేశారు. ఒప్పుకున్నట్టే అనుకుంటున్నాను.

రత్నమాల

*

అమీర్‌పేట,
10 అక్టోబరు 2000

అక్కయ్యకు,

కుర్రాడు లేడు, ప్రేమా లేదు. నీ ఊహలు నీ కూతురి ఊహలకంటే వేగంగా పరుగెడుతున్నాయి. చేతికి వాచీ పట్టీ పడలేదు. మందు రాస్తున్నాం.

అసలు సంగతి విను. రవళి మారిపోయింది. స్టవ్ ముందు నిలబడితే స్టవ్‌నే చూస్తోంది. పిలిస్తే మొదటి పిలుపుకే పలుకుతోంది. వసుమతి సంతోషం పట్టలేకపోతోంది. క్లాసులో సారు అడిగిన ప్రశ్నకు లేచి జవాబు చెప్పిందట. కొంచెం నిద్ర తగ్గింది, కొంచెం చిక్కింది. సాధన మొదట్లో అందరికీ అంతే.

దిల్షాద్ గారితో చిన్న మాట పట్టింపు వచ్చింది. మెట్ల మీద నన్ను ఆపి, "అన్నా, పిల్ల మస్తు కమ్మగ ముచ్చట చెప్తుండె నాతోని. ఇప్పుడు చూస్తే రాయి లెక్క కూసుంటున్నది. గా చెయ్యి సూస్తే నాకు కండ్లల్ల నీళ్ళొస్తున్నయ్. ఏం చేస్తున్నవ్ నువ్వు?" అన్నారు. మా ఇంటి విషయాలు మేం చూసుకుంటామన్నాను. అద్దెకున్నవాళ్ళం కాబట్టి మాట పెరక్కుండా పైకొచ్చేశాను.

కేదార్ విషయానికి నా దగ్గర మంచి ఆలోచన ఉంది. నవంబరు ఐదున పంజాగుట్టలో పెద్ద కార్యక్రమం పెడుతున్నాను. పేపరు వాళ్ళు కూడా వస్తామన్నారు. కుర్రాణ్ణి దానికి రమ్మను. టిఫిను ప్లేటు పట్టుకుని తల దించుకున్న పిల్లని చూడ్డం వేరు, పదిమందిలో ధైర్యంగా నిలబడిన పిల్లని చూడ్డం వేరు. రవళిని వేదిక మీదికి పిలుస్తాను. అది ఎంత మారిందో అందరూ చూస్తారు. కేదార్ చూస్తాడు. నా మాట నమ్ము.

అచ్యుతరావు

*

సామర్లకోట,
18 నవంబరు 2000

అచ్యుతరావుకు,

ఆశీస్సులు రాయలేదని గమనించే ఉంటావు.

నిన్న మధ్యాహ్నం వజ్రమ్మగారు వచ్చారు. పెద్దాపురం నుంచి ఆటోలో వచ్చారంటే తాంబూలాల మాటకే అనుకున్నాను. కాఫీ పెట్టాను. మీ బావగారు ఇంట్లోనే ఉన్నారు, మగదిక్కు మాట్లాడతారని కుర్చీ వేశాను. ఆవిడ కాఫీ ముట్టుకోలేదు.

"ఏమనుకోకండమ్మా, ఈ సంబంధం వద్దనుకుంటున్నాం. మావాడు ఆ మీటింగుకు వెళ్ళాడు. పిల్లకు ఏదో మానసికమైన జబ్బట కదా, మీ తమ్ముడే మైకులో చెప్పాడట" అన్నారు. అంతటితో ఆపినా బాగుండేది. ఆవిడ ఆపలేదు. మీ బావగారూ నేనూ వింటుండగా చెప్పారు.

నువ్వు అక్కడ నిలబడి చెప్పావట, ఈ అమ్మాయి చిన్నప్పటి నుంచి లేని ఇల్లొకటి కట్టుకుని అందులో బతికిందని. ఆ ఇంట్లో అమ్మా నాన్నా పక్కపక్కన కూర్చుని అన్నం తింటారట. "ఇవాళ జనం ఎక్కువా?" అని అమ్మ అడుగుతుందట. "లేదు, మామూలే" అని నాన్న అంటాడట. అంతేనట. ఇంకేం జరగదట ఆ ఇంట్లో. ఈ పిల్ల పక్కన కూర్చుని వింటుందట. దానికోసం పాలు పొంగించిందట, దానికోసం బస్సు కింద పడబోయిందట. జనం నవ్వారట కొందరు. తరవాత చప్పట్లు కొట్టారట.

వజ్రమ్మగారు లేస్తూ, "మీ ఇంట్లో మీరిద్దరూ మాట్లాడుకోరటగా, నిజమేనా?" అన్నారు. ఆయన వైపు చూడ్డానికి కూడా మొహం చెల్లలేదు. ఆయన లేచి చెప్పులేసుకుని, డ్యూటీ లేకపోయినా, స్టేషనుకు వెళ్ళిపోయారు.

నేను ఎవరి ఇల్లు అని అడిగాను నిన్ను. నా ఇల్లని ఒక్క ముక్క రాస్తే నీ సొమ్మేం పోయేది? నాకు రాస్తే బాధపడతానన్నావు. హాలంతటికీ చెప్పేటప్పుడు ఆ బాధ గుర్తు రాలేదా?

ఇవాళ స్కూలుకు ఫోను చేసి వసుమతి ఏడ్చింది. వాచీ పట్టీ కాదటగా. మణికట్టుకు రబ్బరు బ్యాండు వేశావట. మనసు ఎటైనా పోయినప్పుడల్లా లాగి వదిలి కొట్టుకోమన్నావట. పిల్ల నీ మాట జవదాటకుండా రోజంతా కొట్టుకుందట. చర్మం లేస్తే రెండో చేతికి మార్చమన్నావట. ఇది నీ విద్య!

దాన్ని వెంటనే పంపించు.

రత్నమాల

*

అమీర్‌పేట,
6 డిసెంబరు 2000

అక్కయ్యకు,

అనవలసినవన్నీ అన్నావు. ఇప్పుడు నా మాటలు విను.

"ఏం చేసినా ఏమీ అనుకోను, మెతగ్గా ఉండకు" అని రాసింది ఎవరు? ఆ బ్యాండు నేను కనిపెట్టింది కాదు, చాలామంది వాడతారు. అది అంత గట్టిగా కొట్టుకుంటుందని నాకేం తెలుసు? నేను మందు వేశాను. రోగం మీ ఇంట్లో ఉంది. ఒక టెలిగ్రాం పట్టుకుని ఇన్నేళ్ళు మొగుడితో మాట్లాడకుండా, మూడో క్లాసు పిల్లని మధ్యలో తపాలా బంట్రోతును చేసి తిప్పింది నువ్వు. అమ్మ నాకూ అమ్మే. ఆమెకు కొరివి పెట్టినవాణ్ణి నేను. నేను బావగారితో మాట్లాడటం మానలేదే!

రవళి ఇక్కడ లేదు. పంపించడానికి అది నా చేతిలో లేదు. పదిహేను రోజులైంది, పంజాగుట్టలో లేడీస్ హాస్టల్లో చేరింది. జావా మానేసింది. మెడికల్ ట్రాన్స్‌క్రిప్షన్ కంపెనీలో ఉద్యోగం దొరికింది. అమెరికా డాక్టర్లు రోగుల గురించి చెప్పింది హెడ్‌ఫోన్లు చెవుల్లో పెట్టుకుని విని టైపు చేయాలి. ఒక్క మాట తప్పకూడదు. రవళి ఒక్కటీ తప్పదట. వాళ్ళ సూపర్‌వైజరు మా క్లాసుకు వస్తాడు, అతను చెప్పాడు, అలా మనసు పెట్టి పనిచేసే మనిషిని చూడలేదని. చూశావా, సాధన ఫలించింది.

ఇక్కడిదాకా రాసి పెన్ను పక్కన పెట్టి కాసేపు కూర్చున్నాను. నీకు తప్ప ఎవరికి చెప్పను? ఆ ఆదివారం వేదిక దిగాక రవళిని ఆటో ఎక్కించాను. అమీర్‌పేట సందు మలుపు తిరిగాక అంది. "మావయ్యా, నేను నీకు చెప్పింది నీకు చెప్పాను." అంతే. నేను ఏదో సర్దిచెప్పబోయాను. పదిమందికి ఉపయోగపడుతుందన్నాను. హాస్టలుకు వెళ్ళే రోజు బట్టలు సర్దుకుంటూ వసుమతితో అందట, "ఇంక మీరు నాకు బ్యాండు వేయక్కర్లేదు అత్తయ్యా. నేను పోదామన్నా అక్కడికి పోలేను. కళ్ళు మూస్తే ఆ ఇంట్లో మావయ్య క్లాసు వాళ్ళు కూర్చుని చప్పట్లు కొడుతున్నారు. అమ్మా నాన్నా లేచి వెళ్ళిపోయారు."

కిందికి దిగి దిల్షాద్ గారి దగ్గర చాలాసేపు కూర్చుని వెళ్ళింది. నాతో ఒక్క మాట చెప్పలేదు.

నీకు హాస్టల్ అడ్రసు ఇవ్వద్దని వసుమతితో అందట. ఇవ్వను. ఆ ఒక్క మాటైనా నిలబెట్టుకోనీ నన్ను.

అచ్యుతరావు

*

సామర్లకోట,
4 జనవరి 2001

అచ్యుతం,

అడ్రసు వద్దు. ఒక్కసారి వచ్చి కనపడమను. కోప్పడనని చెప్పు. నాకు ఒంట్లో బాగాలేదని చెప్పకు, బాగానే ఉన్నాను, అబద్ధాలు ఆడి రప్పించొద్దు.

రత్నమాల

*

అమీర్‌పేట,
27 జనవరి 2001

అక్కయ్యకు,

హాస్టల్ గేటు దగ్గర అరగంట నిలబడితే కిందికొచ్చింది. నేను చెప్పిందంతా విని, "వస్తానని చెప్పండి" అంది. ఎప్పుడూ నన్ను నువ్వు అనే పిల్ల మీరు అంది. రెండో శనివారం వస్తుంది.

అచ్యుతరావు

*

సామర్లకోట,
13 ఫిబ్రవరి 2001

అచ్యుతానికి,

వచ్చింది, వెళ్ళింది. నీకు చెప్పాలి కాబట్టి రాస్తున్నాను.

శనివారం పొద్దున్నే దిగింది. స్టేషన్లో మీ బావగారే ఎదురెళ్ళి సంచీ అందుకున్నారు. స్నానం చేసింది, నాకు కూర తరిగిపెట్టింది. ఒక్కసారి కూడా చాకు ఆగలేదు. ఏది అడిగినా నా కళ్ళలోకి చూసి జవాబు చెప్పింది. ఉద్యోగం ఎలా ఉందే అంటే, "రోజంతా ఎవరివో నొప్పులు వింటానమ్మా, టైపు చేస్తాను" అంది. చేతుల మీద మచ్చలు తేలికపడ్డాయి. తాకబోతే మెల్లిగా వెనక్కి తీసుకుంది. ఇన్నేళ్ళూ దాని మనసు ఇక్కడ ఉండాలని ఎంత తపించాను! ఉంటే ఇలా ఉంటుందని నాకు తెలీదు. దాని ఎదురుగా కూర్చోవాలంటే భయమేసింది.

మధ్యాహ్నం ముగ్గురం భోజనాలకు కూర్చున్నాం. చివర్లో మీ బావగారు అలవాటుగా, "రవళీ, మజ్జిగ ఉందేమో అమ్మనడుగు" అన్నారు.

ఇదివరకైతే నోటిలో ముద్ద ఉండగానే "అమ్మా, మజ్జిగట" అనేది, తను అన్నట్టు కూడా దానికి తెలిసేది కాదు. ఈసారి అది ముద్ద కంచంలో పెట్టేసింది.

"అమ్మ నీ ఎదురుగానే ఉంది నాన్నా. నువ్వే అడుగు" అంది.

ఆయన అడగలేదు. మజ్జిగ గిన్నె నా చేతికి ఆనుకునే ఉంది అచ్యుతం. కాస్త ముందుకు జరిపితే సరిపోయేది. ఆయన అడగనీ, అప్పుడు జరుపుదాం అనుకున్నాను. ఆయన కంచంలో గీతలు గీస్తూ కూర్చున్నారు. అది ఆయన్ని చూసింది, నన్ను చూసింది. తొందర పడలేదు. చాలాసేపు అలాగే చూసింది. తరవాత లేచి చెయ్యి కడుక్కుంది.

గదిలోకి వెళితే సంచీ సర్దుకుంటోంది. "రేపు వెళ్దువు గానిలే, ఒక్క రోజుండవే" అన్నాను. బతిమాలినట్టే అన్నాను.

"ఈ ఇంట్లో ఉండాలంటే నేను ఇక్కడ లేకుండా ఉండాలమ్మా. అది ఇప్పుడు నాకు చేతకావడం లేదు" అంది.

దాని గొంతులో కోపం ఉంటే తట్టుకునేదాన్ని. లేదు. సాయంత్రం బండికి వెళ్ళిపోయింది. మీ బావగారే టికెట్టు తీసి ఎక్కించి వచ్చారు. వచ్చి చెప్పులు విప్పుకుని, నడవాలో నిలబడి నా మొహం చూసి అన్నారు, "దాన్ని నువ్వే పంపించావు హైదరాబాదు."

టెలిగ్రాం గొడవలో పలకరింపులు మానేశాక ఆయన నేరుగా నాతో అన్న మొదటి మాట అది.

నేనూ ఊరుకోలేదు. ఏళ్ళనాటివన్నీ బయటికొచ్చాయి. ఇద్దరం ఎంత గట్టిగా అరిచామంటే చిలకమ్మగారు గోడ దగ్గరికొచ్చి, వినలేక కిటికీ వేసుకుంది. చివరికి అడిగాను, ఆ రోజు అమ్మ పోయిన కబురు మరిచిపోయేంతగా ఏం ఆలోచించారని. చెప్తారని ఎదురుచూశాను. ఆయన కూడా నిజంగానే గుర్తు తెచ్చుకోవాలని చూశారు. నుదురు రుద్దుకున్నారు.

"గుర్తులేదు రత్నం" అన్నారు.

అరవడానికి ఇంకేం మిగల్లేదు. కాసేపటికి ఆయనే అన్నారు, అన్నం పెట్టమని. నన్నే అడిగారు. పెట్టాను. కూర్చోమన్నారు. కూర్చున్నాను. బండి రాజమండ్రి దాటిందంటారా అంటే దాటే ఉంటుందన్నారు. ఇద్దరం తిన్నాం.

అప్పటి నుంచీ మాట్లాడుకుంటున్నాం. ప్రేమలేం పుట్టలేదు. నూనె, కరెంటు బిల్లు, పాలవాడు. ఇంతేనా, దీనికోసమా అనిపిస్తోంది ఒక్కోసారి.

నీకొక్కటే చెబుతున్నాను. నువ్వెప్పుడైనా ఆ హాస్టల్ వైపు వెళితే, ఈ సంగతి దానికి చెప్పకు. చెప్తే నమ్మదు. నమ్మిందంటే వచ్చేస్తుంది. వచ్చి ఈ ఇద్దరు ముసలివాళ్ళని చూస్తుంది, ఇప్పుడు అది చూసే చూపుతో. వద్దు.

రత్నమాల